ఎర్రనూనె చుక్కలు

డ్రైవరు గఫూరు ఉప్పు తిన్న ఇంటికే ద్రోహం చేశాడని జమ్మలమడుగులో చెప్పుకుంటారు. యజమానురాలు కృష్ణమ్మ తన తమ్ముణ్ణి దాచిన ఇల్లు శత్రువులకు చూపించాడట. నోటితో చెబితే పట్టుబడతానని, కారు కింద ఏదో మర వదులు చేసి, దారి పొడుగునా నూనె చుక్కలు రాల్చుకుంటూ పులివెందులలో ఒక ఇంటి గడప దాకా పోయాడట. ఆ చుక్కల వెంబడి వాళ్ళు వచ్చి ఇంటికి నిప్పు పెట్టారు. కుర్రవాడి ఆయుష్షు గట్టిది, ఆ సమయానికి ఇంట్లో లేడు.

"ముగ్గుకు చుక్కలు పెట్టుకుంటా పోయినట్ల పోయినాడప్పా. ముద్దనూరు కాడ నేను కండ్లారా చూసినా," అనేవాళ్ళు ఇప్పటికీ ఉన్నారు.

చుక్కలు నిజమే. ఇల్లు కాలిన మాటా నిజమే.

ఆ కారు కృష్ణమ్మ భర్త మద్రాసులో ఒక దొర దగ్గర కొన్న అమెరికా కారు. దానికి క్లచ్చి లేదు, గేర్లు వాటంతట అవే పడేవి. అది వీధిలోకి వస్తే పిల్లలే కాదు, పెద్దలూ పని మానుకుని నిలబడేవారు. "ఎడమకాలికి పనిలేని బండి. కుంటోడు గూడా తోలచ్చు, గఫూరుకు జీతమెందుకు?" అని ఎగతాళి చేసేవారు. గఫూరు నవ్వేవాడు కాదు. యుద్ధకాలంలో మిలిటరీ లారీలు తోలి, వాటిని విప్పి బిగించడం నేర్చుకుని వచ్చిన మనిషి. ఆ గేరుపెట్టెలో పోసే నూనె వేరు. ఎర్రగా, పలచగా ఉంటుంది, మద్రాసు నుంచి డబ్బాల్లో వస్తుంది. అది తగ్గిపోతే ఇంజను మూలుగుతుందే తప్ప బండి కదలదు. ఆ సంగతి తెలిసినవాడు చుట్టుపక్కల అతనొక్కడే.

మాట తక్కువ. ఏదడిగినా ముందు కారు వైపు చూసి, ఆ తర్వాత అడిగిన మనిషి వైపు చూసేవాడు. ఆ చూపు కృష్ణమ్మకు మొదటి నుంచీ నచ్చలేదు. ఏదో దాచుకున్నవాడి చూపులా ఉండేది.

ఆంధ్ర రాష్ట్రం కొత్తగా ఏర్పడిన రోజుల్లో, కాలువ నీళ్ళ తగాదాలో ఆమె భర్తను పొలం గట్టు మీద నరికారు. నరికినవాళ్ళను కళ్ళారా చూసినవాడు ఆమె తమ్ముడు నారాయణ ఒక్కడే. జమ్మలమడుగు కోర్టులో అతను నోరు విప్పితే కేసు నిలుస్తుంది. విప్పేలోపల అతణ్ణీ మట్టుపెడతామని అవతలివాళ్ళు బాహాటంగానే అంటున్నారు. కృష్ణమ్మ ఊరు వదిలి ప్రొద్దుటూరులో వనజమ్మ అనే ఆవిడ ఇంట్లో ఒక భాగం అద్దెకు తీసుకుంది. తమ్ముణ్ణి మైలవరంలో ఒక నేతగాని ఇంట్లో, మగ్గం వెనక గదిలో దాచింది. ఆ చోటు ఆ నేతగానికీ, ఆమెకూ, ఆమెను తీసుకుపోయి తీసుకువచ్చే గఫూరుకూ మాత్రమే తెలుసు.

సోమవారం వాయిదా అనగా శుక్రవారం మధ్యాహ్నం కృష్ణమ్మ తమ్ముడికి అన్నం క్యారియరు తీసుకుపోయింది. మైలవరంలో ఎప్పటిలాగే నేతగాని ఇంటికి రెండు వీధుల అవతల ఆపిన కారు దగ్గరికి తిరిగి వచ్చి చూస్తే, గఫూరు దాని పక్కన గొంతుకూర్చుని నేల వైపు చూస్తున్నాడు.

"ఏంది గఫూరూ?"

"నూనె కారతాందమ్మా."

"కారితే ఇంటికి పోయినాక బాగు చేద్దువులే. పద, ఈడ నిలబడద్దు."

అతను లేవలేదు. "ఎవురో వేలు పెట్టి చూసినారమ్మా."

కృష్ణమ్మ వంగి చూసింది. తెల్లటి దుమ్ములో అరచేయంత ఎర్రటి మరక. దాని నడుమ ఒక గీత. పక్కనే గోడకు ఆ వేలు తుడిచిన గుర్తు ఇంకా తడిగానే ఉంది. రేడియేటరులో నీళ్ళు తగ్గాయని గఫూరు బావికి పోయి వచ్చిన ఆ కాసేపట్లో ఎవరో వచ్చి, నెత్తురేమోనని తాకి, వాసన చూసి, తుడుచుకుని పోయారు.

"పిల్లోల్లెవరన్నా ఆడుకున్యారేమో," అంది.

"పిల్లోల్లకు ఇంత లావు వేలుండదమ్మా."

ఆమె తలెత్తి వచ్చిన దారి వైపు చూసింది. ఒకటి, దాని వెనక ఇంకొకటి, ఎర్ర చుక్కలు. వీధి మలుపు దాకా కనిపిస్తున్నాయి. మలుపు అవతల కూడా ఉంటాయి. ప్రొద్దుటూరులో ఆమె వాకిలి దాకా ఉంటాయి. ఎవరైనా తల వంచుకుని నడిస్తే చాలు.

"నాయన్ను బండెక్కించుకోని పోదాం పద," అంది. నారాయణను ఆమె నాయనా అనే పిలుస్తుంది.

"ఈ బండి యాడ నిలిస్తే ఆ చోటు చెప్పేస్తాదమ్మా. ఇప్పుడు పిల్లోన్ని బయటికి తీస్తే చూసేటోనికి చూపిచ్చినట్లే. మనం పోదాం. వాళ్ళకింకా ఏ ఇల్లో తెలీదు, ఏ ఊరో తెలిసింది."

పక్కింట్లో ఒక ఖాళీ డబ్బా అడిగి తెచ్చి, కారు కింద తీగతో కట్టాడు. తిరిగి వచ్చేటప్పుడు చుక్కలన్నీ డబ్బాలోనే పడ్డాయి. కృష్ణమ్మ మాత్రం దారి పొడుగునా వెనక్కి తిరిగి చూస్తూనే ఉంది.

గేరుపెట్టెలోంచి వెనక చక్రాలకు తిప్పుడు అందించే పొడుగాటి షాఫ్టు బయటికి వచ్చేచోట ఒక సీలు ఉంటుందని, అది అరిగిపోయిందని గఫూరు చెప్పాడు. కొత్తది మద్రాసు నుంచి రావాలి, వచ్చేసరికి వాయిదా దాటిపోతుంది. నూనె మిల్లుల పంపులకు తోలు వాషర్లు కోసే మనిషి దగ్గరికి పోయి, పాత సీలు కొలత చెప్పి ఎనుము తోలుతో కొత్తది కోయించుకొచ్చాడు. దాన్ని నూనె గిన్నెలో వేసి మూతపెట్టాడు.

"ఇప్పుడే బిగిచ్చు," అంది కృష్ణమ్మ.

"నూనె తాగని తోలు కాలిపోతాదమ్మా. ఒగ దినమన్నా నానాల. ఆదివారం బిగిస్తా."

శనివారం పొద్దున ఆమె ముఖం కడుక్కుంటుండగా వనజమ్మ వచ్చి నిలబడింది. ఎవరి ఇంట్లో ఏం జరిగినా ముందు ఆమెకే తెలియాలి.

"ఏం కృష్ణమ్మా, మీ డ్రైవరు బండేసుకోని యాడికో పోయినాడే? నీకు చెప్పినాడా?"

కృష్ణమ్మ షెడ్డు దగ్గరికి పరుగెత్తింది. కారు లేదు. నూనె గిన్నె మూతతో సహా అక్కడే ఉంది. దాని పక్కన నాపరాయి మీద, విప్పిన తీగతో పాటు, ఆ డబ్బా.

"కారేదానికి కదా అది కట్టింది? తీసి పారేసి పోయినాడేందమ్మా!" వనజమ్మ గడ్డం మీద వేలు పెట్టుకుంది. "నేను అనేది కాదుగానీ, మొగోన్ని పోగొట్టుకున్న ఇంట్లో డ్రైవరును నమ్మేది కట్లపామును చాప కింద పెట్టుకునేదే."

వాకిట్లో నుంచి చుక్కలు మొదలయ్యాయి. కృష్ణమ్మ వాటి వెంట వీధి చివర దాకా నడిచి, అవి ఇంకా ముందుకు పోతుండడం చూసి వెనక్కి మళ్ళింది. ఇంట్లోకి వచ్చి తలుపు గడియపెట్టుకుని కూర్చుంది. అన్నం వండలేదు. ఎక్కడ కుక్క మొరిగినా మైలవరం నుంచి కబురు తెచ్చిన మనిషే అనుకుంది. పోలీసులకు చెప్పాలంటే చోటు చెప్పాలి, చోటు తెలిసినవాళ్ళు ఇంకొందరవుతారు. బస్సులో మైలవరం పోదామంటే తనకోసమే స్టాండులో ఎవరో కాచుకుని ఉంటారు. అరిచేదానికి కూడా వీల్లేని భయం అది.

పొద్దు వాలుతుండగా కారు వచ్చింది. నిండా దుమ్ము.

"యాడికి పోయినావు?"

"పులివెందులకమ్మా."

"ఎందుకు?"

అతను కారు వైపు చూశాడు. తర్వాత ఆమె వైపు చూశాడు. "సోమారం కానీండమ్మా, చెప్తా."

మాన్పించేద్దామనుకుంది. కానీ ఆ కారు తోలగలిగినవాడు వేరే లేడు. అంతకన్నా ముఖ్యం, తెలిసినదంతా మనసులో పెట్టుకుని వెళ్ళిపోయేవాణ్ణి ఆపగలిగేవాడూ లేడు. కళ్ళ ముందు ఉంచుకోవడమే మేలనిపించింది. ఆదివారం తెల్లవారగానే షెడ్డులో స్టూలు వేసుకుని కూర్చుంది.

గఫూరు చక్రాలకు రాళ్ళు అడ్డుపెట్టి, వెనక భాగాన్ని జాకీతో లేపి, ఇరుసు కింద దుంగలు పేర్చాడు. దుంగలను కాలితో తన్ని చూశాడు. కిందకు దూరి, షాఫ్టు కలిసేచోట రెండు వైపులా ఉలితో చిన్న గాటు పెట్టాడు. ఎట్లా విప్పాడో అట్లాగే కలపాలి, లేకపోతే బండి వణుకుతుందని తనలో తాను అనుకున్నట్టు చెప్పాడు. మరలు విప్పి షాఫ్టును వెనక్కి లాగేసరికి ఎర్రనూనె బొళబొళమని పళ్ళెంలోకి పడింది. కృష్ణమ్మ కళ్ళు మూసుకుంది. పొలం గట్టు గుర్తుకొచ్చింది.

పాత సీలును ఊడబెరికి ఆమె కాళ్ళ దగ్గరికి విసిరాడు. రొట్టె మాడినట్టు గట్టిపడి, ఒక పక్క చీలిపోయి ఉంది. మర వదులు చేసింది కాదు, అరిగిపోయిందే. అది చూసినా ఆమెకు నమ్మకం కుదరలేదు. సీలు అరిగిందన్నది నిజమైనా, డబ్బా విప్పిపోయింది అతనే కదా.

గఫూరు ఆ గాడి శుభ్రంగా తుడిచి, నానిన తోలును వేలితో వంచి చూసుకుని, దాని చోటులో పెట్టాడు. సరిగ్గా అప్పుడే వనజమ్మ పైట నెత్తిన కప్పుకుని రొప్పుతూ వచ్చింది.

"ఇన్యావా కృష్ణమ్మా! పులివెందులలో ఇల్లు కాల్చినారంట, నీ ఎదటోల్లే! బస్సు కండక్టరు చెప్పినాడు. మైలవరం పక్క తిరుగుతాండిన మందంతా నిన్న పొద్దు మునిగేలోపల అటు మళ్ళినారంట. రోడ్డు మీద చుక్కలు చూసుకుంటా పోయినారంట, చుక్కలు!"

కారు కింద చప్పుడు ఆగిపోయింది.

"విన్యావా గఫూరూ?" అంది కృష్ణమ్మ.

"విన్యానమ్మా."

"ఆ ఇంట్లో ఎవరున్యారు?"

"ఎవురూ ల్యారు."

"నీకెట్ల తెలుసు?"

"తెలుసమ్మా." మసి పట్టిన చెయ్యి ఒకటి కారు కింద నుంచి బయటికి వచ్చింది. "ఆ గొట్టం ఇట్లియ్యండి. ఒగపక్క కొడితే సీలు వంకర పోతాది. చుట్టూ ఒగేసారి కూచోవాల."

ఇనుపగొట్టం ఆమె పక్కనే ఉంది. చేతిలోకి తీసుకుంది. బరువుగా ఉంది. అతని తల ఎక్కడుందో ఆమెకు కనిపిస్తోంది. మైలవరం పక్క తిరిగినవాళ్ళు అటు మళ్ళారు. అటు, అంటే నాయనకు దూరంగా. అమ్మినవాడు ఎవరూ లేని ఇంటిని ఎందుకు అమ్ముతాడు? ఈ మాట ఆమె మనసులోకి నిదానంగా, నమ్మాలంటే భయపడుతూ వచ్చింది. గొట్టం అతని చేతిలో పెట్టింది.

టక్, టక్‌మని చిన్న దెబ్బలు. తర్వాత షాఫ్టు కలిసింది, గాటుకు గాటు సరిపోయింది. మద్రాసు డబ్బాలోంచి కొత్త నూనె పోసి, ఇంజను తిప్పి, కొలిచే కడ్డీ తీసి చూసి, మళ్ళీ పోశాడు. ఉతికిన పంచె ఒకటి కారు కింద పరిచాడు. ఇద్దరూ నేల మీద కూర్చుని దానివైపే చూశారు. కాసేపటికి తెల్ల పంచె మీద ఒక ఎర్ర చుక్క పడింది.

కృష్ణమ్మ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

"ఉండండమ్మా. ఇది పైనుంచి జారిన పాతది కావచ్చు." గుడ్డ తీసుకుని గేరుపెట్టె అడుగంతా తుడిచాడు. పంచె జరిపి మళ్ళీ పరిచాడు. ఈసారి ఎంతసేపు చూసినా తెల్లగానే ఉండిపోయింది.

సోమవారం మైలవరంలో నారాయణ కారెక్కి సీటు కింద పడుకున్నాడు. "అక్కా, నా గుండె కొట్టుకునేది బయటికి ఇనపడ్తాందా?" అన్నాడు. "నాదే ఇనపడ్తాంది, నోరు మూసుకో," అంది కృష్ణమ్మ. జమ్మలమడుగు కోర్టు ముందు కారు ఆగింది. గుంపులో తెలిసిన ముఖాలున్నాయి. మీసాలు దువ్వుకుంటున్నవాళ్ళు ఆ కారును చూసి, అందులోంచి దిగినవాణ్ణి చూసి, ఒకరినొకరు చూసుకున్నారు. పోలీసుల మధ్య నారాయణ లోపలికి పోయాడు. ఎవరు నరికారో, ఏ చేత్తో నరికారో చెప్పాడు. చెబుతున్నంతసేపూ కృష్ణమ్మ కారు పక్కనే నిలబడి, మాటిమాటికీ వంగి నేల చూసింది. దుమ్ము పొడిగానే ఉంది.

గఫూరు చెబుతానన్నది చెప్పలేదు. రెండుసార్లు అడిగితే రెండుసార్లూ కారు వైపు చూశాడు. మూడోసారి ఆమె అతణ్ణి అడగలేదు, అతని ఇంటికి పోయింది. అతని భార్య మైమూన్ వాకిట్లో చేటతో బియ్యం చెరుగుతోంది. లేచి చాప పరిచింది గానీ ముఖం ముభావంగా ఉంది.

"మైమూన్, ఆ ఇల్లు ఎవరిది? నష్టం నేను కట్టిస్తా. ఊరంతా నీ మొగున్ని తప్పుగా అనుకుంటాండారు."

"అనుకోనీండమ్మా. కేసు తేలేదాకా నోరు తెరవద్దన్యాడు. పిల్లోడు నిజంగా ఆడనే ఉండి తప్పించుకున్యాడని వాళ్ళు అనుకున్యంతకాలం నేతాయన ఇంటి జోలికి పోరంట." చేట కింద పెట్టింది. "శనివారం పొద్దున నన్ను గూడా బండిలో కూచోబెట్టుకున్యాడు. ఆ వాకిట్లో శానాసేపు బండి నిలబెట్టినాడు, ఎర్రగా మడుగు కట్టేదాకా. ఎవరికో తెస్తాండినట్ల చాప, కుండ లోపల పెట్టిచ్చినాడు. నేను ఏడిస్తే, ఏడు, ఏడ్చేది గూడా చూడనీ అన్యాడు. బయటికొచ్చి తాళమేసినాడు."

పులివెందులలో కాలిపోయిన ఆ ఇల్లు గఫూరుదే. వాళ్ళ నాయన కట్టింది, అతను పుట్టింది అందులోనే. వాళ్ళమ్మ పోయినప్పటి నుంచి తాళం వేసి ఉండేది.