జొహ్రా ఆంటీ రాగి పళ్ళెం

నూనెలో వేగిన రవ్వ బిళ్ళ వేడి తేనెలో పడగానే ‘చుయ్’మంటుంది. ఇవాళ మెల్‌బోర్న్ శివారు పాయింట్ కుక్‌లోని మా వంటింట్లో ఆ చప్పుడు వినగానే నా చెయ్యి ఆగిపోయింది. ఇరవై ఏళ్ళు దాటినా ఆ చప్పుడంటే నాకు భయమే.

రెండువేల సంవత్సరం రాగానే కంప్యూటర్లన్నీ ఆగిపోతాయని లోకం హడలిపోతున్న రోజుల్లో, ఆరు నెలల కాంట్రాక్టు మీద మెల్‌బోర్న్ వచ్చాను. ఎదురు ఫ్లాట్‌లో ట్యునీషియా నుంచి వచ్చిన జొహ్రా ఆంటీ ఒక్కతే ఉండేది. మా ఆఫీసులోనే క్లీనర్. నేను జ్వరంతో పడుకుంటే మూడు రోజులు సూప్ కాచి తెచ్చి, దగ్గర కూర్చుని తాగించింది. ఆదివారాలు మక్రూద్ నేర్పింది. రవ్వ ముద్దలో ఖర్జూరం పెట్టి, బిళ్ళలుగా కోసి, వేయించి తేనెలో ముంచే మిఠాయి అది. మొదటిసారి నేను ఉప్మాకి వేయించినట్టు రవ్వ దోరగా వేయించి, చపాతీ పిండిలా కుమ్మేశాను. తేనె పీల్చని రాళ్ళు తయారయ్యాయి. రెండోసారీ కుమ్మబోతే చేతి మీద ఒక్కటేసింది.

“కుమ్మకు బిన్తీ! నెయ్యి పట్టించి వదిలెయ్. దాన్నీ కాస్త ఊపిరి తీసుకోనీ.” బిన్తీ అంటే వాళ్ళ భాషలో నా బిడ్డా అని.

“మీకెవరు నేర్పారాంటీ?”

“మా అమ్మ. అక్కణ్ణుంచి నేను తెచ్చుకున్నది ఇదొక్కటే.”

ఒకరోజు ఆఫీసులో మార్నింగ్ టీకి ఆమె రాగి పళ్ళెంలోనే మక్రూద్ పట్టుకెళ్ళాను. నా కాంట్రాక్టు పొడిగించాల్సిన మేనేజరు రెండు తిని, “ఎక్కడ నేర్చుకున్నావు?” అన్నాడు. క్లీనర్ ఇంట్లో అని చెప్పడానికి నాకు నామోషీ. “మా అమ్మ నేర్పింది. గుంటూరులో మా ఇంటి వంట,” అన్నాను. అందరూ చప్పట్లు కొట్టారు. తలెత్తితే, చెత్తబుట్టలు తీసుకెళ్ళడానికి వచ్చిన ఆంటీ గుమ్మంలో ఉంది.

ఛీ, అప్పుడైనా నోరు తెరవచ్చుగా! తేలు కుట్టిన దొంగలా నిలబడ్డాను. ఆమె ఖాళీ పళ్ళెం సింకులో కడిగి, తుడిచి, తెచ్చి నా చేతికిచ్చింది.

“మీ అమ్మగారి పళ్ళెం, మేడమ్.”

తిన్నింటి వాసాలు లెక్కపెట్టడం అంటారే, నేను వాసాలే పీక్కుపోయాను. తర్వాత ఎన్నిసార్లు తట్టినా ఆ తలుపు తెరుచుకోలేదు. నా కాంట్రాక్టు పొడిగించారు. ఆమె ఇల్లు మారిపోయింది. ఎక్కడికని నాకు చెప్పలేదు.

ఇవాళా అదే పళ్ళెం. మా అమ్మాయి ఒకటి కొరికి, “సో గుడ్ అమ్మా! హూజ్ రెసిపీ?” అంది. జొహ్రా పేరు నాలుక చివరిదాకా వచ్చింది.

“మీ అమ్మమ్మది,” అన్నాను.