కథ చెప్పడానికి నోరు రాని రోజులు

సహోదరులారా, సహోదరీలారా, ఈ పూట మీ ముందు నిలబడి మాట్లాడుతున్నానంటే అది దేవుని కృపే, ఎందుకంటే పోయిన ఏడాది వరకు నలుగురిలో నోరు తెరవాలంటే నాకు ప్రాణం పోయినంత భయం!

నేను సినిమా కెమెరామన్‌ని. నోట్లో నాలుక లేనివాణ్ణని సెట్‌లో ఎగతాళి చేసినా, కెమెరా వెనుక నిలబడితే నాకు ఏ బెదురూ ఉండేది కాదు. ప్రభువు నా మనసులో ఒక కథ పెట్టాడు, తన బస్సెక్కిన కూతురికి టికెట్ ఇస్తూ ఏడ్చే కండక్టరమ్మ కథ, దాన్ని రాసి నేనే డైరెక్ట్ చేయాలని ఆశపడ్డాను. అయితే మన సినిమావాళ్లలో రాసింది ఎవరూ చదవరు, నిర్మాత ఎదుట కూర్చుని కథంతా నోటితో చెప్పి ఒప్పించాలి. అక్కడే సాతాను నన్ను పట్టుకున్నాడు!

హైటెక్ సిటీలో ఒక అద్దాల మేడ పై అంతస్తులో ఆ నిర్మాత ఆఫీసు. ఆయన రాయలసీమ మనిషి. ఎదుట కూర్చోగానే గుండె దడదడలాడింది, ఆ కంగారులో వెలుగు కిటికీలోంచి పడుతుంది, కెమెరా కిందనుంచి లేస్తుంది, ట్రాలీ ముందుకెళ్తుంది అంటూ నాకొచ్చిన పనే వల్లించాను. ఆయన చేయెత్తి ఆపి, "కెమెరా సంగతి సరేప్పా, ఆ యమ్మ ఎందుకు ఏడుస్తాందో చెప్పు" అన్నారు. ఊపిరాడక లేచి వచ్చేశాను, లిఫ్టులో గోడ పట్టుకుని ఇక చచ్చిపోతున్నాననే అనుకున్నాను. ఆసుపత్రిలో పరీక్షలు చేసి గుండె బాగుంది, ఇది భయమేనని మందులిచ్చారు. అయినా లిఫ్టు చూస్తే భయం, ఫోన్ మోగితే భయం, కథ పూర్తిగా వింటాను, మళ్లీ రమ్మని నిర్మాత కబురు పెట్టినప్పుడైతే ఒళ్లంతా చెమటలు!

నల్లగండ్లలో మా ఇంట్లో జరిగే ప్రార్థన కూటంలో కూడా నేను మౌనంగానే ప్రార్థించేవాణ్ణి. ఆ వారం నా భార్య గ్రేస్ నా తల మీద చేయి పెట్టి ఏడ్చింది: "తండ్రీ, ఈయన భయం తీసుడు మాతోని కాదు, నీతోనే అయితది. ఈయన నోరు నువ్వే తెరువు. జర ఈయన పక్కన కూసో నాయనా!"

మళ్లీ ఆ నిర్మాత దగ్గరికి వెళ్లాను. భయం తగ్గిందనుకుంటున్నారా? ఇంకా ఎక్కువైంది! కుర్చీలో కూర్చోగానే, "సార్, నాకు చాలా భయంగా ఉందండి, ఒక్క నిమిషం ప్రార్థన చేసుకుంటాను" అన్నాను. ఆయన హిందువు, అయినా చెప్పులు విడిచి చేతులు జోడించి, "చేసుకోప్పా, నేనూ కూచుంటా" అన్నారు. జీవితంలో మొదటిసారి గొంతెత్తి, "యేసయ్యా, నాకు మాట రావడం లేదు, సహాయం చెయ్యి" అని మొరపెట్టాను, ఆ వణికే గొంతుతోనే కథ మొదలుపెట్టాను! కెమెరా ఊసే ఎత్తలేదు. స్నేహితుల ముందు కూతురు ఆ కండక్టరమ్మను అమ్మా అనకుండా 'మేడమ్' అన్నందుకు ఏడ్చిందని చెప్పాను, చెబుతూ నేనూ ఏడ్చాను. ఆయన కళ్లు తుడుచుకుని, "ఈ సినిమా మనం తీస్తాండాం" అన్నారు. దేవునికే మహిమ!

ఇప్పుడు నార్సింగి దగ్గర షూటింగ్ జరుగుతోంది. యాక్షన్ అనే ముందు నేటికీ భయం వేస్తుంది, నేటికీ ప్రభువునే పిలుస్తాను. వెనుక వరుసలో తల వంచుకుని కూర్చున్న తమ్ముడా, చెల్లీ, భయం పోయాక ప్రార్థిద్దామని ఆగవద్దు. గొంతు వణికితే వణకనీ, ఇప్పుడే, నలుగురూ వినేలా, ఒక్కసారి యేసయ్యా అని పిలువు.