వెర్లీన్ కొట్టిన చప్పట్లు

వెర్లీన్ అమెరికాలోని టొలీడోలో స్కూలు బస్సు నడుపుతుంది. ఆమె కొడుకు డార్నెల్, అమెరికన్ ఫుట్‌బాల్ జట్టులో రెండో క్వార్టర్‌బ్యాక్‌గా, అంటే బంతి విసిరి ఆట నడిపించేవాడికి దెబ్బ తగిలితేనే దిగే ఆటగాడిగా, ఆరేళ్లు బెంచీకే అతుక్కుపోయాడు. ఓ ఆదివారం ఆటలో మొదటి క్వార్టర్‌బ్యాక్ బ్రెంట్ మోకాలు పట్టుకుని కూలిపోగానే వెర్లీన్ చేతులు వాటంతటవే చప్పట్లు కొట్టాయి. పక్క సీట్లో బ్రెంట్ తల్లి రూతన్ ఉంది. వెర్లీన్‌కు తల కొట్టేసినట్టయింది.

ఆ తర్వాత డార్నెల్ వరుసగా గెలిపించి జట్టును ఆ ఏటి ఫైనల్ అయిన సూపర్‌బౌల్‌కు చేర్చాడు. చుట్టాలంతా సంబరపడుతుంటే ఆమెకు ముద్ద దిగలేదు. చివరికి రూతన్ ఇంటికెళ్లి గుమ్మంలోనే నిలబడిపోయింది.

"ఆ రోజు నేను చప్పట్లు కొట్టాను, రూతన్."

"చూశాలే. మావాడికి మాత్రం చోటెలా దొరికిందనుకున్నావ్? ఇంకొకడి భుజం విరిగితేనే కదా. అప్పుడు నేనైతే లేచి గంతులేశాను. లోపలికి రా, చలిగా ఉంది."

వెర్లీన్ లోపలికి వెళ్లింది గానీ, ఆమె కళ్లలోకి చూడలేకపోయింది.