చిలుకమ్మ చేతి ముద్ద

మా వదినె చిలుకమ్మ బియ్యప్పిండిని గిన్నెకు ఒత్తి సర్వపిండి కాల్చిందంటే కాశిబుగ్గ గల్లీ అంతా మా గుమ్మం ముందే ఉండేది. అడుగు ఎర్రగా కాలి, నువ్వులు పంటికి తగిలేట్టు ఆమె చేసినట్టు నాకు ఇప్పటికీ చేతకాదు. ఎక్కడైనా ఆ వాసన తగిలితే ప్రాణం ఆ ఇంటికే పోతుంది.

మిల్లులో పనిచేసే మా అన్న యాకయ్య డెబ్బై ఏడులో ఆమెను వర్ధన్నపేట నుంచి పెళ్లి చేసుకుని తెచ్చాడు. ఏడాది తిరక్కుండానే మా అమ్మ సమ్మమ్మకు ముద్ద దిగడం మానేసింది. మింగింది రొమ్ములో ఆగి, కాసేపటికి తిన్నది తిన్నట్టే బయటికొచ్చేది. మనిషి పుల్లైపోయింది.

పక్కింటి మొగిలమ్మకు అందరిళ్ల సంగతులూ తెలుసు, తనింటివి తప్ప. "ఎవలో మందు వెట్టిండ్రు సమ్మక్కా. వండేదెవలో జర సోంచాయించు" అంది. తిండిలో ఏదో కలిపి మనిషిని కరిగించేయడాన్ని మా దగ్గర మందుపెట్టడం అంటారు. దాన్ని తీసేవాణ్ణి కూడా ఆమే పిలిపించింది. వాడు ఆకుపసరు తాగించి కక్కించి, వెంట్రుకలు చుట్టుకున్న చిన్న ఉండను అరచేతిలో పెట్టి చూపించాడు. అది అమ్మ కడుపులోంచి వచ్చిందో, వాడి వేళ్ల సందులోంచి వచ్చిందో దేవుడికెరుక. వాడి నోట్లో మన్ను పడ.

ఆనాటి నుంచి అమ్మ వదినె చేతి నీళ్లు కూడా ముట్టలేదు. అన్న మొహం పక్కకు తిప్పుకుని, "నీ తల్లిగారింటికి పో" అన్నాడు. మందు పెట్టిందన్న మాట మోసుకుని పోయిన ఆడదాన్ని ఏ ఊళ్లోనూ మళ్లీ పొయ్యి దగ్గరికి రానివ్వరు. అది వదినెకు బాగా తెలుసు.

"పోత. అత్తను డాక్టరుకు సూపెట్టినంక పోత. తప్పు నాదని తేలితె నా మొకం సూడకుండ్రి" అంది.

రిక్షాలో అమ్మ పక్కన నేను కూర్చున్నాను. అమ్మ రానివ్వకపోతే వదినె ఆ ఎండలో హనుమకొండ దాకా వెనకాలే నడిచింది.

డాక్టరమ్మ సావిత్రి అమ్మకు సున్నపు నీళ్ల లాంటి తెల్లమందు తాగించి ఎక్స్‌రే తీయించింది. ఫిల్మును వెలుతురుకు పట్టి, "లంగాకు నాడా ఎట్ల ఎక్కిస్తరు?" అని అడిగింది.

"నాడా కొసకు పిన్నీసు గుచ్చి, దాని ఎన్క బట్టను కుచ్చుకుంట ముందటికి నూకుతం" అన్నాను.

"గొంతు నుంచి కడుపు దాక గొట్టం గూడ గంతే. ముద్దకు పైన కండ బిగుస్తది, కింద కండ వదులైతది. అట్ల నూకితెనే ముద్ద ముందటికి పోతది. పేగులల్ల గూడ అదే పని. తలకిందులుగ ఉండి తాగినా నీళ్లు కడుపులకే చేరేది అందుకే. మీ అమ్మకు ఈ గొట్టం నూకుడు బందయింది. కింద మూతి సుత తెర్సుకుంటలేదు."

"మరి మందు?" అని అమ్మ అడిగింది.

"ఎవలూ ఏం పెట్టలేదమ్మా. ఇది కండల బీమారి."

గుమ్మం బయటే నిలబడి విన్న వదినె కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది.

దవాఖానలో నోట్లోంచి సన్నని రబ్బరు గొట్టం దింపి ఆ మూతిని సాగదీశారు. నూకుడు మళ్లీ రాదనీ, నిటారుగా కూర్చుని చిన్న ముద్దలు నమిలి, మధ్య మధ్య నీళ్లు తాగితే దిగిపోతాయనీ చెప్పి పంపారు.

ఇంటికి రాగానే అమ్మ గల్లీ అంతా చూస్తుండగా అరుగు మీద కూర్చుని, "చిలుకా, బువ్వ వెట్టు" అంది. వదినె మెత్తటి అన్నంలో చారు పిసికి తెచ్చి, మొదటి ముద్ద తన నోట్లోనే పెట్టుకోబోయింది. అమ్మ ఆ చెయ్యి పట్టుకుంది.

"నువ్వు తిని సూపియ్యకు బిడ్డా. నా పానం పోతది" అని ఆ ముద్దను తన నోట్లో పెట్టించుకుంది. అది దిగేదాకా వదినె అమ్మ గొంతునే చూస్తూ కూర్చుంది. మొగిలమ్మ బిందె ఎత్తుకుని లోపలికి పోయింది.

అమ్మ ఆ తర్వాత ఇంకో తొమ్మిదేళ్లు, ఎనభై ఏడు దాకా బతికింది. ఆఖరి దాకా వదినె చేతి ముద్దే. ఆ ఇద్దరూ అరుగు మీద కూర్చుని కబుర్లాడుకుంటూ తినడం చూడడానికే నేను అత్తగారింటి నుంచి వచ్చేదాన్ని. ఎంత చల్లని రోజులవి.

అన్నకు కూడా వదినె ఏ లోటూ చేయలేదు. పిల్లల్ని కన్నది, వేళకు వండింది. కానీ కొత్తలో పక్కన కూర్చుని, "ఇంకొంచెం" అని కొసరి వడ్డించిన మనిషి, "తల్లిగారింటికి పో" అనిపించుకున్నాక గిన్నెలు ముందు పెట్టి లేచిపోయేది. అన్న తనే వడ్డించుకుని తినేవాడు. ఎందుకని ఏనాడూ అడగలేదు.