పడవకి దీపం పెట్టిన ఆంటీ

మా కింది ఫ్లాట్ ఆంటీ పోయారని మొన్న మంగళవారం వాళ్ళమ్మాయి ఫోన్ చేసి చెప్పింది. ఏడుపు రాలేదు, కోపం వచ్చింది. ఇంకా తగ్గలేదు. అందులో సగం నా మీదే.

అమెరికాలో, ప్లెయిన్స్‌బరోలో ఆరేళ్ళు ఆంటీ, అంకుల్ వాళ్ళ పై ఫ్లాట్‌లో ఉన్నాను. సాఫ్ట్‌వేర్ టెస్టర్‌గా రిటైరయ్యాక ఆవిడ పాత బటన్ ఫోన్లలోని ఆటలు బాగుచేసేవారు. తయారుచేసిన కంపెనీలు వాటిని ఎప్పుడో వదిలేశాయి. ఆవిడా, ఎక్కడెక్కడి వాళ్ళో కొందరూ ఒక వెబ్‌సైట్‌లో చేరి, ఆట ఎక్కడ ఆగిపోతోందో కనిపెట్టి, దాన్ని సరిచేసే చిన్న ఫైలు రాసి అందరికీ ఊరికే ఇచ్చేవారు. ప్యాచ్ అంటే అదే. నేనూ సాయం చేసేవాణ్ణి. తొందరపడితే ఒప్పుకునేవారు కాదు.

"టెస్ట్ చేయకుండా అప్‌లోడ్ చేయకు నాన్నా. అవతలాయనకి ఉన్నది ఆ ఒక్క ఫోనేనేమో."

వరదలో పడవ నడిపే ఆట ఒకటి ఏడో లెవెల్లో ఆగిపోయేది. మూడు నెలలు కూర్చుని సరిచేశారు. పాత స్క్రీన్ మీద పడవ కనబడటం లేదని ఒహాయో నుంచి ఒక ట్రక్కు డ్రైవర్ రాస్తే, పడవ ముక్కున చిన్న పసుపు దీపం గీశారు. అసలు ఆటలో అది లేదు. ప్యాచ్ కింద తన పేరూ నా పేరూ పెట్టారు.

కొన్నాళ్ళకి, ఆట హక్కులున్న కంపెనీ లాయర్ నుంచి వెంటనే తీసేయమని మెయిల్ వచ్చింది. అప్పుడు నా గ్రీన్‌కార్డ్ ప్రాసెస్‌లో ఉంది. కిందికి పరిగెత్తాను.

"ఆంటీ, నా పేరు తీసేయండి. రేపు ఇమ్మిగ్రేషన్‌లో ఇష్యూ అయితే ఎక్స్‌ప్లెయిన్ చేసుకోలేను."

"అలాగే. నీ సంగతి నువ్వు చూసుకోవాలి కదా. టీ తాగుతావా?"

నా పేరు తీశారు, తర్వాత ప్యాచ్ తీశారు. లాయర్‌కి తన ఒక్క పేరుతోనే జవాబు రాశారు. నేను టీ తాగి పైకి వచ్చేశాను.

పోయిన సమ్మర్‌లో అదే కంపెనీ ఆ ఆటని క్లాసిక్ అంటూ మళ్ళీ విడుదల చేసింది. ఏడో లెవెల్ ఆగలేదు. పడవ ముక్కున పసుపు దీపం, సరిగ్గా అదే చోట. చేసినవాళ్ళ పేర్లలో ఆవిడ పేరు లేదు. అప్పటికి ఆవిడకి కీమో నడుస్తోంది. ఫోన్ చూపిస్తే కళ్ళద్దాలు పెట్టుకుని చాలాసేపు ఆడారు.

"బాగానే నడుస్తోంది" అన్నారు. ఫోన్ తిరిగి ఇస్తూ, "నా పేరు పెడితే వాళ్ళకేం పోయేది?" అన్నారు.

ఆవిడ నోట ఫిర్యాదు విన్నది అదొక్కసారే.

ఆవిడ పేరు పెట్టమని, పాత ఫైళ్ళు జతచేసి కంపెనీకి రాశాను. మీ అభిమానానికి ధన్యవాదాలు అని జవాబొచ్చింది. దొంగిలించిన వాళ్ళకి నేను అభిమానినట. వాళ్ళకి సిగ్గు లేదు. నాకు సిగ్గు వచ్చేసరికి ఆవిడ లేరు. బుధవారం పొద్దున్నే ప్యాచ్‌ని మళ్ళీ వెబ్‌సైట్‌లో పెట్టాను, ఆవిడ పేరు పైన, నా పేరు కింద. లాయర్ రాస్తే ఈసారి జవాబు నేనే ఇస్తాను.

శనివారం తెలుగు చర్చిలో ఆంటీ కోసం పెట్టిన ప్రార్థన అయ్యాక పార్కింగ్‌లో ఆంటీ కారు కనబడింది. కూతురు ఇంకా లోపల అందరితో మాట్లాడుతోంది. అంకుల్‌కి డ్రైవింగ్ రాదు. ఎప్పుడూ ఆంటీయే నడిపేవారు. ఆయన డ్రైవర్ పక్క సీట్లో బెల్టు పెట్టుకుని, కోటు ఒళ్ళో మడిచి పెట్టుకుని, కారు తాళం చేత్తో పట్టుకుని కూర్చుని ఉన్నారు.