చందుర్తి జొన్నచేను

ప్రసన్నకుమారి టీచరు రామచంద్రపురంలో సోషల్ చెప్పి రిటైరైంది. ఏటా క్రిస్మస్‌కి చర్చిలో పెట్టే పశువుల పాక, గొర్రెల కాపరుల బొమ్మలు ఆవిడ చేతివే. ఆ చేతులతోనే ఇప్పుడు చందుర్తి యుద్ధాన్ని బొమ్మల సినిమాగా తీస్తోంది. 1758లో, పిఠాపురం దగ్గర ఇంగ్లీషువాళ్ళకీ ఫ్రెంచివాళ్ళకీ జరిగిన యుద్ధమది.

భోజనాల బల్ల నిండా మూడు వందల మంది వేలెడంత మట్టి సిపాయిలు. ఒక్కొక్కణ్ణీ వెంట్రుకవాసి జరిపి ఫోనుతో ఫొటో తియ్యాలి. అలాంటివి పన్నెండైతే తెర మీద ఒక్క సెకను. ఏడు నెలల ఓపికకి మూడు నిమిషాల సినిమా తయారైంది. అన్నాళ్ళూ దంపతుల భోజనాలు వంటింటి గడప దగ్గరే.

బడిపిల్లలకి చూపించే ముందు ఆ ఊరివాళ్ళు ఒకరైనా చూడాలని చందుర్తి రైతు బుల్లిరాజు గారిని పిలిచింది. పంటచేలో నక్కిన ఇంగ్లీషు దళం లేచి మీదపడే ఘట్టం రాగానే ఆయన తల గోక్కున్నారు.

"వరి పెట్టేరేంటండి? మాది మెట్టండి. వరిలో దాక్కుంటే నడుం పైనంతా కనపడిపోద్దండి. జొన్నయితే నిలువెత్తు మనిషి కనపడడండి."

టీచరు మొహం పాలిపోయింది. పుస్తకంలో పంటచేను అని చదివి, మరో ఆలోచన లేకుండా వరి నాటేసింది. కాలవ కింద పుట్టి పెరిగిన మనిషికి చేనంటే వరే మరి!

"ఎవరికి తెలుస్తుంది ప్రసన్నా, వదిలెయ్" అన్నారు భర్త విజయ్ పాల్ గారు.

"నాకు తెలిసిపోయిందిగా అండీ."

మర్నాడే వరంతా పీకేసింది. చీపురుపుల్లలకి పచ్చకాగితం ఆకులు అంటించి రెండు వేల జొన్నమొక్కలు చేసింది. ఆ ఘట్టం మళ్ళీ తియ్యడానికి ఇంకో ఐదు నెలలు పట్టింది. ఆ మొండితనానికి దండం పెట్టాల్సిందే.

చందుర్తి బడిలో తెర కట్టారు. జొన్నచేలోంచి దళం లేచింది. తుపాకులు పేలాయి. ఫిరంగి బళ్ళు చేను తొక్కుకుంటూ పోయాయి. పిల్లలు ఈలలు వేశారు. బుల్లిరాజు గారు మాత్రం చప్పట్లు కొట్టలేదు.

"నచ్చలేదాండి?" అని బెరుగ్గా అడిగింది టీచరు.

"అచ్చం మా చేనేనండి. అందుకే కడుపు తరుక్కుపోతందండి. గింజ పట్టిన పంటంతా తొక్కేసేరు. ఆ రైతు ఏమైపోయాడంటారు?"

ఆవిడ చదివిన ఏ పుస్తకంలోనూ ఆ రైతు లేడు. మూడు వందల మందిని చేసిన తనకీ అతను గుర్తుకు రాలేదు. ఆవిడకి సిగ్గేసింది. ఇంటికి రాగానే చీరైనా మార్చుకోకుండా మట్టి తడిపింది.

సినిమాకి ఇంకో పదకొండు సెకన్లు కలిశాయి. సిపాయిలంతా వెళ్ళిపోయాక ఒక మనిషి చేలోకి వచ్చి, వంగి, నేలరాలిన జొన్నకంకులు ఒక్కొక్కటే ఏరుకుంటాడు.