ఆమె మరచిపోయిన మూడేళ్లు

నా భార్య నన్ను వదిలి కొల్లేటి ఒడ్డున ఉన్న పుట్టింటికి వెళ్లిపోయిన ఐదో నెలలో, ఆమె స్కూటర్‌ను చేపల లారీ గుద్దింది. ఏలూరు ఆసుపత్రిలో నాలుగో రోజు కళ్లు తెరిచి, గుమ్మంలో నిలబడ్డ నన్ను చూసి నవ్వింది.

“ఏవండీ, భోంచేశారా?”

మా పెళ్లై అప్పటికి నాలుగేళ్లు. మొదటి ఏడాది తప్ప మిగతా మూడేళ్లూ ఆమె తలలోంచి పోయాయి. నేను ఆమె మీద చేయి చేసుకున్నది ఆ మూడేళ్లలోనే.

అంతకుముందే విడాకులకు లాయరుతో మాట్లాడి వచ్చిన మామగారే నన్ను వరండాలోకి పిలిచారు. “అల్లుడుగారూ, దానికేం గుర్తులేదు కదండీ. ఆ సంగతులు మేమూ ఎత్తం. తీసుకెళ్లండి,” అన్నారు. నాకు సిగ్గు వేయాల్సింది. హాయిగా అనిపించింది.

తాడేపల్లిగూడెంలోని మా ఇంటికి తీసుకొచ్చాను. ముంజేతి మీద మచ్చేమిటని అడిగితే నూనె చిందిందన్నాను. ఆ మూడేళ్ల ఫోటోల్లేవేమంటే పాత ఫోన్ పోయిందన్నాను. పొద్దున్నే కాఫీ కలిపిచ్చేవాణ్ణి. కొన్నాళ్లకు, నేనెప్పుడూ ఇలాగే ఉన్నానని నాకే నమ్మకం కుదిరింది.

ఆమె ముచ్చటపడితే ఏలూరులో సినిమాకు వెళ్లాం. ప్రేమకథే, నిండా హాస్యం. గతం మరచిపోయిన హీరోయిన్‌కు, నువ్వు ప్రేమించింది నన్నేనని హీరో అబద్ధాల మీద అబద్ధాలు చెబుతుంటాడు. హాలంతా పడీపడీ నవ్వుతోంది. నేనూ నవ్వాను. ఆమె జడలో పాప్‌కార్న్ గింజ చిక్కుకుంటే తీద్దామని చేయి ఎత్తాను.

ఆమె రెండు చేతులూ ముఖానికి అడ్డం పెట్టుకుని కుర్చీలో ముడుచుకుపోయింది.

ఇంటర్వెల్‌లో మెట్ల దగ్గర, “ఎందుకలా చేశానో నాకే తెలీదండీ,” అంది. నా ముఖంలోకి చూడకుండా అడిగింది. “మీరు నన్నెప్పుడైనా కొట్టారా అండీ?”

“ఛ, అవేం మాటలు! తలకు దెబ్బ తగిలింది కదా, అలాంటి భయాలు వస్తాయని డాక్టరుగారు ముందే చెప్పారు.”

డాక్టరు అలాంటిదేమీ చెప్పలేదు.

ఆమె కళ్లు తుడుచుకుంది. “మిమ్మల్ని అనుమానించాను, ఏమనుకోకండి,” అని నా చేయి పట్టుకుంది. లోపలికెళ్లి మిగతా సినిమా చూశాం. చివర్లో హీరో నిజం ఒప్పుకుంటే హీరోయిన్ పరుగెత్తుకొచ్చి వాటేసుకుంది. జనం ఈలలు వేశారు. ఆమె కూడా చప్పట్లు కొట్టింది.

ఇప్పటికీ నాతోనే ఉంది. నేను వెనకనుంచి వంటింట్లోకి వెళ్తే ఉలిక్కిపడుతుంది, వెంటనే తన తలనే తిట్టుకుంటుంది. ఆ భయం పోవడానికి డాక్టరును తనే అడిగి మాత్రలు రాయించుకుంది. రోజూ అన్నం తిన్నాక మాత్ర, మంచినీళ్లు నేనే అందిస్తాను.